ఆఖరి రీలులో గుర్రం

మధ్యాహ్నం పన్నెండు కొట్టగానే హెస్టర్ కోల్‌ని సిటీ జైలుకి తీసుకెళ్ళి హత్యానేరం మోపుతానని లెఫ్టినెంట్ గోర్మన్ చెప్పాడు. అప్పటిదాకా నేనేం పీకగలనో పీక్కోమన్నాడు. సరిగ్గా ఆ మాటే అన్నాడు.

ముందురోజు సాయంత్రం, లార్క్‌స్పర్ స్టూడియో ప్రివ్యూ థియేటర్లో, నిర్మాత రూడీ ఆష్‌మన్‌ని ఎవరో వెనకనుంచి మెడలో కత్తెరతో పొడిచారు. కత్తెర హెస్టర్‌ది. వాడి సినిమాలన్నిటికీ ఎడిటర్ ఆమే. శవాన్ని మొదట చూసింది కూడా ఆమే. చూసి అరవలేదు. ముందు పోలీసులకి ఫోన్ చేసింది, తర్వాత నాకు. ఆడది శవాన్ని చూసి అరవలేదంటే అదే పెద్ద సాక్ష్యం గోర్మన్‌కి.

గోర్మన్‌కి తెలియని సంగతి ఒకటుంది. పద్నాలుగేళ్ళ కిందట నా భార్య విల్లా ఆష్‌మన్ సినిమాలో హీరోయిన్‌కి డూప్‌గా గుర్రం మీంచి పడి చనిపోయింది. కాగితాల్లో వాడి పేరు లేకుండా చూసుకున్నాడు. ఎక్కడో గుర్రాల దొడ్లో జరిగిన ప్రమాదమని రాయించాడు. అప్పుడు నేను పోలీసుని. దర్యాప్తు చేయమని అడిగితే పైవాళ్ళు సెలవు తీసుకోమన్నారు. ఉద్యోగమే వదిలేసి ప్రైవేటు డిటెక్టివ్‌నయ్యాను. నా కుర్చీలోకి గోర్మన్ వచ్చాడు.

ఆష్‌మన్ చచ్చాడని హెస్టర్ చెప్పినప్పుడు నేను ఫోన్ పెట్టేసి ఇంకో కప్పు కాఫీ పోసుకున్నాను. చక్కెర కూడా వేసుకున్నాను.

హెస్టర్‌ని ఆమె ఎడిటింగ్ గదిలోనే కూర్చోబెట్టారు. చేతులకి సంకెళ్ళు. గుమ్మంలో ఒక కానిస్టేబుల్. గోడ నిండా కొక్కేలకి ఫిల్మ్ ముక్కలు వేలాడుతున్నాయి. యాభై దాటిన మనిషి, ఒళ్ళో చేతులు పెట్టుకుని, బస్సు కోసం కూర్చున్నట్టు కూర్చుంది.

"సిగరెట్టుందా, ఏమస్?"

"ఈ గదిలో కాలిస్తే ఫిల్మ్ అంటుకుని స్టూడియో సగం లేచిపోతుందని నువ్వే కదా చెప్పేదానివి."

"లేచిపోనీ. ఉత్తినే పట్టుకుంటాను. ఇవ్వు."

ఇచ్చాను. వెలిగించకుండా పెదాల మధ్య పెట్టుకుంది.

"కత్తెర ఎప్పుడు పోయింది?"

"మధ్యాహ్నం వెతికాను. కనపడలేదు. ఈ గదిలోకి రానివాడెవడు? నటులొస్తారు, వాళ్ళ అమ్మలొస్తారు, హావర్టీ రోజుకి నాలుగుసార్లొచ్చి ఏడుస్తాడు."

క్లెమెంట్ హావర్టీ ఈ సినిమా దర్శకుడు. నిన్న ఆష్‌మన్ పక్కన కూర్చుని సినిమా చూసింది అతనొక్కడే.

"ఆష్‌మన్ అతని పేరు తీసేస్తున్నాడా?"

"నిన్న పొద్దున్నే చెప్పాడు. కొత్త దర్శకుణ్ణి పెట్టి సగం మళ్ళీ తీయిస్తాట్ట. రూడీ సంగతి నీకు తెలీదా? దివాళా తీసిన కంపెనీల పాత నెగటివ్‌లు కొని, వాటి మధ్య రెండు మాటలు అతికించి కౌబాయ్ సినిమాలు చేసేవాడు. పాత షాట్లో హీరోయిన్ ఏ గౌను వేసుకుంటే కొత్త హీరోయిన్‌కి అదే గౌను కుట్టించేవాడు. అలా ఎదిగాడు. యుద్ధమయ్యాక గుడ్డి సైనికుడి మీద సినిమా తీసి బహుమతి కొట్టాడు. ఆ రోజునుంచీ కళ గురించి ఉపన్యాసాలు. మనిషి మాత్రం ఆ పాత ముక్కల చెత్త బుట్ట దగ్గరే ఉండిపోయాడు."

సిగరెట్టు తీసి చూసుకుంది.

"నిన్న పొద్దున ఆఖరి రీలులో ఒక మార్పు చేయించాడు. నాకూ వాడికీ తప్ప ఇంకెవరికీ తెలీదు."

"ఏమిటది?"

"అడక్కు. ఆ రీలు నువ్వు చూడొద్దు, ఏమస్. నామీద నీకు కాస్తయినా అభిమానం ఉంటే చూడొద్దు."

గుమ్మంలో కానిస్టేబుల్ జేబులోంచి పెన్సిల్ తీసి ఆ మాట రాసుకున్నాడు.

హావర్టీ ఆఫీసు స్టూడియో వెనక చిన్న బంగళాలో ఉంది. ప్రివ్యూ థియేటర్ పక్క తలుపులోంచి బయటికొస్తే ఎదురుగా ఉండేది అదే. మెడకి సిల్కు రుమాలు కట్టుకున్నాడు. తూర్పు తీరంలో ఏదో గొప్ప కాలేజీలో చదివాడట. నేను ఊరి బడిలో ఆరు తరగతులు చదివాను. ఆ తేడా మర్చిపోనివ్వకుండా మాట్లాడతాడు.

"మీరు చెప్పేది అర్థం చేసుకోగలనంటారా?" అన్నాను.

"నెమ్మదిగా చెప్తాను లెండి," అన్నాడు.

"నిన్న సినిమా మొత్తం చూశారా?"

"పది రీళ్ళూ. ఆఖరున 'సమాప్తం' దాకా. దీపాలు వెలిగాయి. రూడీ ఎప్పట్లాగే కుర్చీలోనే ఉండిపోయాడు. అయ్యాక ఒంటరిగా కూర్చోవడం వాడి అలవాటు. నేను కాంటీన్‌కి వెళ్ళాను. అక్కడ నన్ను డజను మంది చూశారు. ఇదంతా రాసి లెఫ్టినెంట్‌కి సంతకం పెట్టి ఇచ్చాను. మీకు చదవడం రాకపోతే ఆయన చదివి పెడతాడు."

"మీరు బయటికొచ్చేసరికి ఆష్‌మన్ బతికే ఉన్నాడు."

"సిగార్ వెలిగిస్తున్నాడు."

"మీ పేరు తీసేస్తానన్నాడటగా?"

"వాడు వారానికోసారి అందరి పేర్లూ తీసేస్తాడండీ. శుక్రవారం మళ్ళీ పెడతాడు. నిన్న సినిమా చూశాక మనసు మార్చుకున్నాడు కూడా."

"మీకెలా తెలుసు?"

హావర్టీ కళ్ళల్లోకి వెలుగొచ్చింది. ఇలాంటి వాళ్ళని హత్య గురించి అడిగితే తడుముకుంటారు. తమ పని గురించి అడిగితే ఆపుకోలేరు.

"ఆఖరి రీలు చూశాక! హీరోయిన్ ఊరు వదిలి గుర్రం మీద పారిపోతుంది. ఎండిన ఏట్లో గుర్రం ముందుకాళ్ళు మడతపడి కూలుతుంది. అది తీయడానికి మూడు రోజులు పట్టింది. టాలివర్‌కి గౌను, విగ్గు తొడిగి పడేయించాను. వాడిలాగా పడేవాడు ఈ ఊళ్ళో ఇంకొకడు లేడు. ఆ షాటు రాగానే రూడీ నా భుజం తట్టాడు. 'క్లెమ్, టాలివర్‌కి దండం పెట్టాలయ్యా' అన్నాడు."

"ఆ మాటే అన్నాడా?"

"ఆ మాటే. లెఫ్టినెంట్‌కి కూడా రాసిచ్చాను."

"కాంటీన్ పిల్ల చెప్పింది, మీరు తడి తలతో వచ్చారట."

"నిన్న ఎండ మీకు తగల్లేదా? కడుక్కున్నాను." నవ్వాడు. "స్నానం చేయడం నేరమా, మిస్టర్ ప్రూయిట్? మీ ఊళ్ళో వారానికోసారేమో."

నా ఊళ్ళో వారానికోసారే. అయితే పనయ్యాక చేసేవాళ్ళం, భోజనానికి ముందు కాదు. అతనితో ఆ మాట అనలేదు. తలుపు తీసుకుని వచ్చేశాను.

ప్రివ్యూ థియేటర్‌కి గోర్మన్ రాత్రే సీలు వేయించాడు. మైనం మీద తన బొటనవేలు ముద్ర నాకు చూపించి మరీ పగలగొట్టాడు.

"ఈగ కూడా దూరలేదు. నువ్వుండగా ఇలాంటి జాగ్రత్తలుండేవి కావుగా?"

"నేనుండగా నేరస్థుల్ని పట్టుకునేవాళ్ళం. తలుపులకి ముద్దులు పెట్టేవాళ్ళం కాదు."

"అందుకేనా నువ్వు బజార్న పడ్డావు? ఏవయ్యా, ఆ ముసిల్దాని మీద నీకంత ప్రేమేంటి? తన నోటితోనే చెప్పింది, ఆఖరి రీలు చూడొద్దని. మావాడు రాసుకున్నాడు. దాచడానికి ఏదో ఉందనేగా?"

"చూస్తే పోలా?"

లోపల నాలుగు వరసల కుర్చీలు. మూడో వరస మధ్యలో ఆష్‌మన్ కుర్చీ. తోలు మీద రక్తం నల్లగా ఎండింది. కింద కార్పెట్ మీద సిగార్, కొన కొరికి ఉంది కానీ వెలిగించలేదు. గోర్మన్‌కి చూపించాను. భుజాలెగరేశాడు. కుర్చీ చేతికి ఒక బజర్ ఉంది. నేను నొక్కాను. పైన గదిలో గుర్రుమంది. మా వెంట వచ్చి అప్పుడే పైకెక్కిన ఆపరేటర్ ఫెలిక్స్ కిటికీలోంచి తల బయటపెట్టాడు.

"అమ్మ బాబోయ్! ఎవరు సార్ నొక్కింది? చచ్చినాయన లేచాడనుకున్నా."

"నిన్న ఎన్నిసార్లు నొక్కాడయ్యా చచ్చినాయన?"

"ఎన్నని లెక్కపెట్టను సార్? షాటు నచ్చకపోతే నొక్కుతాడు. నొక్కినప్పుడల్లా తిరిగే రీలులో కాగితం ముక్క దూర్చాలి. తర్వాత హెస్టరమ్మ ఆ కాగితం ఉన్నచోట చూసి కోస్తుంది. చేతులు పడిపోయాయనుకోండి."

పైకి వెళ్ళాం. చిన్న గది, వేడి, రెండు యంత్రాలు. చూసిన రీళ్ళు బల్ల మీద వరసగా పేర్చి ఉన్నాయి. ఫిల్మ్ చుట్టల మధ్యలోంచి తెల్లకాగితాలు పొడుచుకొచ్చి ఉన్నాయి. ఒక్కో రీలు తురాయి పెట్టుకున్న కోడిలా ఉంది. పదోది ఇంకా యంత్రం మీదే, ఆఖరు అంచు పైకి ఉండగానే వదిలేశారు. వెనక్కి చుట్టేలోపే పోలీసులొచ్చారని ఫెలిక్స్ చెప్పాడు.

పదో రీలులో ఒక్క కాగితం కూడా లేదు.

"నచ్చిందేమోనయ్యా," అన్నాడు గోర్మన్.

"ఆయనకా సార్?" అన్నాడు ఫెలిక్స్. "వాళ్ళమ్మాయి పెళ్ళి ఫిల్మ్ వేస్తే దాన్లోనూ కాగితాలు పెట్టించాడు."

"పదో రీలు మొదలయ్యేసరికే ఆష్‌మన్ చచ్చిపోయి ఉన్నాడు, గోర్మన్. పక్కన హావర్టీ ఉన్నాడు. తర్వాత బంగళాకి పోయి ఒళ్ళు కడుక్కున్నాడు. ఈ రీలు ఖాళీ కుర్చీలకి ఆడింది."

"ఇదంతా నువ్వనుకునేది. కాగితం లేకపోవడాన్ని పట్టుకెళ్ళి జడ్జికి చూపించమంటావా? హావర్టీ ఆ రీలులో ఏముందో పూసగుచ్చినట్టు చెప్పాడు."

"అతను తీసిన సినిమా, అతనికి తెలీదా? ఫెలిక్స్, వెనక్కి చుట్టి వెయ్యి."

హెస్టర్ చూడొద్దంది. నేను కిందకెళ్ళి రెండో వరసలో కూర్చున్నాను.

దీపాలారాయి. ఊరు వచ్చింది, హీరోయిన్ ముఖం వచ్చింది, గొడవ వచ్చింది. ఆమె గుర్రమెక్కింది. దుమ్ము. తర్వాత దూరంనుంచి తీసిన షాటు. ఎండిన ఏరు, నల్ల గుర్రం, ఎగిరే గౌను. ముఖం కనపడదు. ఎవరైనా కావచ్చు.

కూలబోయే ముందు ఆ మనిషి కళ్ళెం ఒక చేతిలోకి మార్చి, రెండో చేత్తో గుర్రం మెడ మీద రెండుసార్లు తట్టింది.

పడబోయే ప్రతిసారీ విల్లా అలా తట్టేది. ముందుకాళ్ళకి తీగ కట్టి ఉందని ఆమెకి తెలుసు, గుర్రానికి తెలియదు. దాన్ని మోసం చేస్తున్నానని ఆమెకి సిగ్గుగా ఉండేది. నేను నవ్వేవాణ్ణి.

గుర్రం కూలింది. గౌను దాని కిందికి పోయింది. లేవలేదు. షాటు అక్కడే కోశారు.

విల్లా చనిపోయిన ఆ సినిమాకి నేను ఎన్నడూ వెళ్ళలేదు. పద్నాలుగేళ్ళు ఆ పోస్టర్ ఉన్న వీధుల్లోంచి కూడా నడవలేదు. అయినా దొరికిపోయాను.

దీపాలు వెలిగాయి. గోర్మన్ ఆవలించాడు.

"ఏముందయ్యా ఇందులో? గుర్రం పడింది. హావర్టీ చెప్పినట్టే పడింది." గడియారం చూసుకున్నాడు. "పన్నెండుకి పావుగంట తక్కువ. లే."

నోరు మూసుకుని లేచి వెళ్ళిపోవచ్చు. ఆ పడ్డది టాలివర్ కాదని చూడగానే చెప్పగలవాడు ఈ గదిలో నేనొక్కణ్ణే. చెప్తే, ఎలా తెలుసని గోర్మన్ అడుగుతాడు. జవాబు చెప్తే, ఈ ఊళ్ళో రూడీ ఆష్‌మన్‌ని చంపడానికి అందరికంటే పెద్ద కారణం ఎవరికుందో కూడా చెప్పినట్టే. చెప్పకపోతే హెస్టర్ మరణశిక్ష పడి గ్యాస్ గదికి పోతుంది.

"అది టాలివర్ కాదు," అన్నాను. "నా భార్య."

గోర్మన్ కూర్చున్నాడు. మొత్తం చెప్పాను. ఎవరి సినిమానో, కాగితాల్లో ఏం రాశారో, మెడ తట్టడం. ఐదు నిమిషాలు కూడా పట్టలేదు. నేను ఉద్యోగంలో ఉండగా గోర్మన్ అంత బుద్ధిగా ఎప్పుడూ విన్లేదు.

"ఆష్‌మన్ నిన్న పొద్దున హావర్టీ షాటు తీయించి పాతది పెట్టించాడు," అన్నాను. "ఆ సంగతి హావర్టీకి తెలీదు. వాణ్ణి పిలిపించు. హెస్టర్‌ని కూడా. ఏమీ చెప్పకుండా రీలు వెయ్యి. నీ సీలు ఉంది కాబట్టి రాత్రి ఎవరూ మార్చలేదని నువ్వే సాక్షివి."

గోర్మన్‌కి సీలు మాట నచ్చింది. పిలిపించాడు.

హావర్టీ ముందు వరసలో కాలు మీద కాలేసుకుని కూర్చున్నాడు. హెస్టర్ గుమ్మం దగ్గరే నిలబడింది. నా వైపు ఒకసారి చూసి తల తిప్పుకుంది. నేను చూసేశానని ఆమెకి అర్థమైంది.

ఊరు. గొడవ. దుమ్ము. హావర్టీ వేలితో గాల్లో లయ వేస్తున్నాడు. ఏరు వచ్చింది. వేలు ఆగిపోయింది.

"ఆపండి!" లేచి నిలబడ్డాడు. అతని నీడ తెర మీద పడింది. "ఏంటిది? ఇది నా షాటు కాదు! వెలుతురు చూడండి, ఎటునుంచి పడుతోందో! ఎవడు పెట్టాడీ చెత్త? టాలివర్ ఏడీ? హెస్టర్, నా షాటు ఏం చేశావే, దొంగముం..."

మాట మధ్యలో ఆగాడు. తనేం ఒప్పుకున్నాడో అప్పుడు తెలిసింది.

దీపాలు వెలిగాయి.

"నిన్న చూశారుగా, హావర్టీగారూ," అన్నాడు గోర్మన్. "ఈ షాటు చూసేగా ఆష్‌మన్ మీ భుజం తట్టింది? టాలివర్‌కి దండం పెట్టాలన్నది?"

జవాబు హెస్టర్ ఇచ్చింది. గొంతు మామూలుగానే ఉంది.

"టాలివర్ షాటు వద్దన్నాడు రూడీ. 'వాడు పడ్డాడు, ఆమె చచ్చింది, తేడా తెర మీద తెలుస్తుంది, పాతది తీసి పెట్టు' అన్నాడు. పెట్టాను. నా ఉద్యోగం అది. ఐదు సినిమాల్లో పెట్టాను ఆ ముక్కని."

ఐదు. నాకు ఒకటే తెలుసు.

"ఎవరు చచ్చింది?" అన్నాడు హావర్టీ.

"ప్రూయిట్ భార్య," అన్నాడు గోర్మన్. అనకుండా ఉండాల్సింది.

హావర్టీ నా వైపు తిరిగాడు. షాటు మార్చారని తెలిసినప్పుడు కోపం చూశాను. ఇప్పుడు కోపం లేదు. కెమెరా ఎక్కడ పెట్టాలో చూసుకునే మనిషిలా తాపీగా చూశాడు. తర్వాత కుర్చీలో కూలబడి చేతుల్లో మొహం దాచుకున్నాడు. కాసేపటికి తలెత్తాడు. కళ్ళు తడిగా ఉన్నాయి. నటులకి నేర్పేవాడు కదా.

"నిజమే లెఫ్టినెంట్. అబద్ధం చెప్పాను. తొమ్మిదో రీలులోనే రూడీ నన్ను తిట్టాడు. లేచి పక్క తలుపులోంచి వెళ్ళిపోయాను. పోట్లాడినట్టు తెలిస్తే నామీదకొస్తుందని ఆఖరిదాకా ఉన్నానన్నాను. పిరికివాణ్ణి. ఒప్పుకుంటాను."

"ఆష్‌మన్?"

"బతికే ఉన్నాడు. కానీ నేను బయటికొచ్చేటప్పుడు పక్క తలుపు దగ్గర ఒక మనిషి నిలబడి ఉన్నాడు. టోపీ ముందుకి లాక్కుని. స్టూడియో పనివాడనుకున్నాను. పొద్దున ఇతను నా ఆఫీసులోకొచ్చినప్పుడు ఎక్కడో చూశాననుకున్నాను. ఎక్కడో గుర్తు రాలేదు." నా వైపు వేలు చూపించాడు. "ఇప్పుడొచ్చింది."

"సిగ్గు లేదూ?" అంది హెస్టర్.

"పొద్దున మీరేమన్నారు హావర్టీగారూ?" అన్నాను. "సిగార్ వెలిగిస్తున్నాడన్నారు. అదిగో, వెలగని సిగార్ కుర్చీ కిందే ఉంది. గోర్మన్, వీడు తల ఎందుకు కడుక్కున్నాడో అడుగు. బంగళాలో చొక్కాలు వెతికించు."

"వెతికిస్తాను," అన్నాడు గోర్మన్. "అడుగుతాను కూడా. ముందు నిన్ను. నిన్న సాయంత్రం ఐదింటినుంచి ఎక్కడున్నావు?"

"నిన్న గురువారం కదా. ప్రతి వారంలాగే విల్లా సమాధి దగ్గర."

"ఎవరు చూశారు?"

కాపలావాడు నాలుగింటికే గేటు తాళం వేసి వెళ్ళిపోతాడు. గోడ విరిగినచోటినుంచి దూకి వెళ్తాను నేను. అక్కడ ఎవరూ ఉండరనే ఆ వేళకి వెళ్తాను.

"ఎవరూ చూడలేదు," అన్నాను.

"పద్నాలుగేళ్ళు నా దగ్గర ఈ సంగతి దాచావు. ఆష్‌మన్ కేసని తెలిసీ నా వెంట తిరిగావు." గోర్మన్ గొంతులో సంతోషం లేదు. ఉంటే తేలిగ్గా ఉండేది. "నేనైతే ఏం చేసేవాణ్ణో నాకు తెలుసు, ప్రూయిట్. అందుకే వదల్లేను."

కానిస్టేబుల్‌కి సైగ చేశాడు. వాడు హెస్టర్ సంకెళ్ళు తీశాడు. ఆమె మణికట్లు రుద్దుకుంది.

"చూడొద్దన్నానుగా, ఏమస్," అంది.

కానిస్టేబుల్ అవే తెచ్చి నా చేతులకి వేశాడు. ఇనుము ఇంకా వెచ్చగా ఉంది. పైనుంచి ఫెలిక్స్ తల బయటపెట్టి, రీలు వెనక్కి చుట్టనా సార్ అని అడిగాడు. హావర్టీ జేబులోంచి దువ్వెన తీసి తల దువ్వుకుంటున్నాడు.